గెట్టు దాటిన సాలు

యాలాల్ ఊరి శాంతవ్వ తన బతుకును రెండు ముక్కలు చేసి చెప్పేది: చేని గెట్టు తగాదాకు ముందు, తర్వాత. ముందు రోజుల్లో ఆమె పెనిమిటి కిష్టప్ప, పక్క చేను బీరన్న ఒకే చుట్ట పంచుకుని తాగినవాళ్లు.

రజాకార్ల గోల సద్దుమణిగాక వచ్చిన వానాకాలంలో బీరన్న నాగలి గెట్టు లోపలికి ఒక సాలు జరిగింది. పొరపాటేనేమో. మరుసటి ఏడు కిష్టప్ప రెండు సాళ్లు దున్ని వడ్డీతో సహా తీర్చుకున్నాడు. బీరన్న కంప నాటాడు. కిష్టప్ప హద్దురాళ్లు పీకి అవతల పాతాడు. ఊరికి కావలసిందేముంది, చెరో గుంపు తయారైంది. శాంతవ్వ మాత్రం తక్కువ తిన్నదా? "నువ్వు ఊకుంటే నేనే కొంగు బిగిస్త" అని గెట్టు మీద నిలబడి మొగుణ్ని ఎగదోసింది. చినికి చినికి గాలివాన అయింది. కంది కోతల నాడు బీరన్న గొడ్డలి కిష్టప్ప మెడ మీద పడింది. బీరన్న జైలుకు పోయాడు, రెండు చేలూ బీడు పడ్డాయి.

శాంతవ్వకు మిగిలింది కొడుకు మొగులప్ప ఒక్కడే. వాడు పెరిగి పట్టాళంలో చేరి, చైనా సరిహద్దు కొండల మీదికి పోయాడు. 1962లో దసరాకు ముందు తాండూరు అంగట్లో జనం రేడియో చుట్టూ మూగి ఉంటే, ఏమైందని అడిగింది.

దుకాణం సోమేశ్వర్ సేటు హుషారుగా చెప్పాడు. "చైనోళ్లొక పట్టాళం చౌకీ పెడితే, మనోళ్లు దాని ముంగట ఇంకోటి పెట్టిండ్రు అవ్వా. ఇగ ఎవ్వరు తగ్గరు."

ఇదంతా శాంతవ్వ గెట్టు మీద కళ్లారా చూసిందే. తిన్నగా ఊరికి వచ్చి, జైలు నుంచి తిరిగొచ్చిన బీరన్న గడప ముందు నిలబడింది. అన్నేళ్ల తర్వాత అదే మొదటి మాట.

"గొడ్డలి ఎత్తిననాడు, సంపాలనే ఎత్తినవా?"

బీరన్న తల ఎత్తకుండానే చెప్పాడు. "లేదు వదినె. బెదిరిద్దామనుకున్న. ఊరంత చూస్తుండె, నువ్వు గూడ చూస్తుంటివి. ఎనుకకు పోనీకి తొవ్వ లేకుండె."

ఆ మాట ఆమెకు ధైర్యం ఇవ్వలేదు. చంపాలని ఎవడికీ లేకపోయినా కొడుకు చచ్చిపోతాడని అప్పుడే తెలిసిపోయింది.

దీపావళి వెళ్లాక పట్టాళం నుంచి టెలిగ్రాం వచ్చింది. మొగులప్ప చౌకీలోనే చనిపోయాడు.

ఇంట్లో ఏడుపు ఇంకా ఆరకముందే సోమేశ్వర్ సేటు పలకరించడానికి వచ్చాడు. అరుగు మీద కూర్చుని చెప్పాడు. "లడాయి బంద్ అయింది అవ్వా. చైనోళ్లు వాళ్లంతల వాళ్లే ఎనుకకు పోతున్నరట."

శాంతవ్వ అతని ముఖంలోకి చూసింది.

"గట్ల ఎనుకకు పోనీకి వస్తదా, సేటూ?"