మాయన వేరు

మొన్న పొద్దున నేను టీ గ్లాసు చేత్తో పట్టుకొని, మిద్దె మీది మందారానికి పట్టిన పిండినల్లిని తిట్టుకుంటూ ఉంటే, మా కాలేజీలో ఈమధ్యే చేరిన లెక్చరరమ్మ ఫోన్లో ఒక ఫొటో పంపింది. టీ రంగుకు తిరిగిన పాత అట్ట. దాని మీద దారంతో కుట్టిన ఎండు తీగ, రెండాకులు, ఒక వంకర పువ్వు. కింద గుండ్రటి చేతిరాత, నాదే: "స్థానిక నామం: మాయన వేరు. దొరికిన చోటు: ఉదయగిరి దుర్గం." ఫొటో వెనకే ఆమె గొంతు కూడా వచ్చింది. "మేడమ్, పాత షీట్లన్నీ కంప్యూటర్లోకి ఎక్కిస్తున్నాం. ఈ పేరు ఏ పుస్తకంలోనూ లేదు. స్పెల్లింగ్ మిస్టేకా?"

స్పెల్లింగ్ మిస్టేకయితే ఎంత బాగుండేది తల్లీ! ముప్పై ఏళ్ళు ఇదే ఆత్మకూరులో పిల్లలకు బోటనీ చెప్పాను. మొక్క పేరు తప్పు రాసినవాళ్ళకు మార్కులు కోసి ఏడిపించిన పేరు నాకుంది. అలాంటిది నేను చదువుకునే రోజుల్లో చేసిన మొట్టమొదటి షీటు మీదే పచ్చి తప్పు రాసి, రిటైరయ్యేటప్పుడు దాన్ని భద్రంగా కాలేజీ బీరువాలో పెట్టి వచ్చాను. "రెండు రోజులు టైమివ్వమ్మా, ఆలోచించి చెప్తాను" అన్నాను. ఆలోచించడానికి ఏమీ లేదు. ఆ తప్పుకు మా అవ్వ ముఖం ఉంది, అందుకని టైమడిగాను.

నా చిన్నప్పుడు మా ఇంటి ముందు సగం అంగడి, వెనక సగం కాపురం. అంగట్లో కరక్కాయలు, వస, శొంఠి, పిప్పళ్ళు, రకరకాల వేర్లు. ఆ వాసన మా బట్టలకూ జడలకూ పట్టేసి, బడిలో నేను వాకిట్లో ఉండగానే "శొంఠి వచ్చిందిరా" అనేవాళ్ళు. ముందు తాత రాజ్యం, వెనక అవ్వ రాజ్యం. వారానికొకసారి పదకొండింటి ఉదయగిరి బస్సులో అవ్వ స్నేహితురాలు దిగేది. ఊరంతా ఆమెను చెంచాల బూబమ్మ అనేవాళ్ళు. వాళ్ళింట్లో ఆడామగా అందరూ కొండ కొయ్యతో చెంచాలూ గరిటెలూ చెక్కేవాళ్ళు. ఈమె కొయ్య ముక్కను ముక్కు దగ్గర పెట్టుకొని, ఇది నర్ది, ఇది బిక్కి, అని కళ్ళు మూసుకొని చెప్పేది. చెంచాల మూట అంగట్లో దింపి, రెండో మూటతో నేరుగా పెరటి వసారాలోకి వచ్చేసేది. ఆ రెండో మూట నిండా ఆకులు.

అవ్వ అయిదో తరగతి దాకా చదువుకుంది, కానీ కొండ ఎక్కి ఎరగదు. బూబమ్మకు కొండంతా కంఠతా వచ్చు, అక్షరం రాదు. ఒకరి కళ్ళు, ఒకరి చెయ్యి కలిపి ఇద్దరూ ఒక చదువు చదివేవాళ్ళు. మధ్యాహ్నాలు వసారాలో ఆకులు పరుచుకొని, వాసన చూసి, నలిపి, నాలిక్కి రాసుకొని, పాత క్యాలెండరు కాగితాల మధ్య పెట్టి, కందిపప్పు డబ్బా కింద అణిచేవాళ్ళు. బూబమ్మ పేరు చెప్తే అవ్వ కలం నొక్కిపట్టి రాసేది. గాలికి కాగితాలు రెపరెపలాడుతుంటే చాప మీద పడుకొని సగం నిద్రలో నేను వినేదాన్ని: అడవి మల్లె, కొండ గోగు, రేల, బిల్లుడు. ఇప్పటికీ నాకు నిద్ర పట్టకపోతే ఆ పేర్లే వరసగా అనుకుంటాను. దాన్ని బోటనీ అంటారని ఆ ఇద్దరికీ తెలియదు. తెలిసుంటే భయపడి మానేసేవాళ్ళేమో.

అవ్వకు ఒక నియమం. తాత పేరు నోటితో పలకదు. అందులో వింతేమీ లేదు, ఆ కాలం ఆడవాళ్ళందరూ అంతే. కానీ మా అవ్వది మరీ చాదస్తం, రాతలో కూడా రాయదు. శివాలయంలో సైతం "మాయన పేరు గల సామీ, చల్లంగా చూడు" అని దండం పెట్టుకునేది. రేషన్ కార్డుకు పేర్లు రాసుకునే ఆయన వచ్చి "మీ ఆయన పేరేందమ్మా?" అనడిగితే బూబమ్మ వైపు చూసింది. బూబమ్మ చెంచా చెక్కుతూనే, తలెత్తకుండా తాత పేరు చెప్పి, "నీ నోరు నా దగ్గర కుదవ పెట్టినావా ఏందక్కా!" అంది.

నేను నెల్లూరు కాలేజీలో చేరిన ఏడు, వానలు పడ్డాక, ఇద్దరూ నన్ను దుర్గం మెట్ల దారిన తీసుకుపోయారు. అవ్వ కొండెక్కడం అదే మొదలు, అదే ఆఖరు. నాలుగు మెట్లకొకసారి కూర్చుంటూ, "నా కాళ్ళు ఇంటికాడే ఉండిపోయినాయి మే" అని నవ్వుతూ ఎక్కింది. రాళ్ళ మధ్య నీళ్ళు నిలిచిన దొన పక్కన, ఒక పొదను అల్లుకొని ఆ తీగ ఉంది. దాని చుట్టూ నల్లరెక్కల మీద ఎర్రచుక్కల సీతాకోకచిలుకలు. పది కాదు, ఇరవై కాదు. చప్పుడే లేదు. అవి అవ్వ కొంగు మీద వాలాయి, నా జడ మీద వాలాయి. మేము ముగ్గురం ఎంతసేపు అట్లా నిలబడ్డామో నాకు తెలియదు. "వీటికి పుట్టిల్లు ఇదే పాపా" అంది బూబమ్మ. "పురుగుగా ఉన్నప్పుడు ఈ ఆకు తప్ప ఇంకోటి ముట్టవు. ఆకు గిల్లితే మళ్ళా ఇస్తాది, వేరు తవ్వితే చస్తాది. మందులకని వేర్లు అమ్ముకునే వేర్లోళ్ళు మిగతా కొండంతా తవ్వేసినారు. ఇదొక్కటే ఉండాది. ఎవురికీ చెప్పబాక." చెప్పనని తలూపాను. ఒక చిన్న కొమ్మ మాత్రం అడిగి తీసుకున్నాను.

ఇంటికొచ్చాక ఆ కొమ్మను అణిచిపెట్టి, "అవ్వా, దీని పేరేంది?" అనడిగాను. అవ్వ ముఖం తిప్పుకొని, "అదే... మాయన వేరు" అంది. నేను రాసుకున్నాను. కాలేజీలో మా మేడమ్ చూసి, "కొత్త స్థానిక నామం! మ్యాగజైనుకు రాయి" అని ఎగిరి గంతేసినంత పని చేసింది. పదిహేడేళ్ళ పిల్లకు అచ్చులో పేరు పడుతుందంటే ఇచ్చిన మాట గుర్తుంటుందా? మాయన వేరు గురించి, సీతాకోకచిలుకల గురించి, దుర్గం దారిలో దొన గురించి అంతా పూసగుచ్చినట్టు రాసిపారేశాను.

ఎండాకాలం సెలవులకు వచ్చి వసారాలో కూర్చుని ఉన్నాను. పదకొండింటి బస్సుకు బూబమ్మ వచ్చింది. చేతిలో మూట లేదు. కూర్చోలేదు. మంచినీళ్ళ చెంబు ఇస్తే ముట్టలేదు. "నీ మనమరాలు నా కొండను కాగితంలో పెట్టినాదంట అక్కా. మా వీధి నించి అదే కాలేజీలో చదివే పిల్ల చదివి వినిపించినాది. వేర్లోళ్ళు మనుషుల్ని పంపిస్తావుండారంట. నీ ఇంటికి నేనొచ్చిందే తప్పు" అని, వచ్చిన కాళ్ళతోనే వెళ్ళిపోయింది. అవ్వ చెంబు పట్టుకొని అట్లాగే నిలబడింది.

"నీ చదువు చట్టుబండలు గాను!" అంది నన్ను చూసి. ఆ తర్వాత నాతో మాట్లాడలేదు. నెలన్నర. రోజూ పదకొండింటికి ఏదో పని పెట్టుకొని అంగడి ముందుకు వచ్చేది, ఉదయగిరి బస్సులో దిగేవాళ్ళను ఆఖరి మనిషి దాకా చూసి లోపలికి పోయేది. అన్నం కెలికి లేచేది. కందిపప్పు డబ్బా కింద కాగితాలు అట్లాగే ఉన్నాయి, ఎవరూ తీయలేదు. నా వల్ల మా అవ్వకు ఉన్న ఒక్క స్నేహం పోయింది. సిగ్గుతో చచ్చిపోయాను, ఇంకో మాట లేదు.

చివరికి ఒకరోజు నేనే అవ్వ చెయ్యి పట్టుకొని బస్సెక్కించాను. దారిపొడుగునా ఇద్దరం కిటికీలోంచి ఎండిన చేలను చూశాం. ఉదయగిరిలో బూబమ్మ వాకిట్లో కూర్చొని గరిటె నున్న చేస్తూ ఉంది. మమ్మల్ని చూసి ఒక్క క్షణం ముఖం ముడుచుకుంది, ఆ తర్వాత గరిటె పక్కన పడేసి పకపకా నవ్వింది. "అక్కా! నీ సిగ్గు కొండను కాపాడినాది!"

సంగతేమిటంటే, వేర్లవాళ్ళు పంపిన మనుషులు గోతాలతో నిజంగానే వచ్చారట. ఎండలకు దొన దగ్గర తీగలన్నీ ఎండిన పురికొసల్లా ఉన్నాయి. ఏది ఏదో అడిగితే గాని తెలియదు. "'మాయన వేరు యాడుండాదమ్మా?' అని ఊరంతా అడిగినారు. ఎవురికి తెలుస్తాది? నా దగ్గరికొస్తే, 'మీయన వేరు మీ ఇంట్లో చూసుకోండి, మా కొండ మీద మీ ఆయనలు ఎవురూ లేరు' అన్నా. ఉత్త గోతాలతో పోయినారు!"

బూబమ్మ నన్ను దగ్గరికి పిలిచి, "పాపా, మీ తాత పేరేంది?" అంది.

"ఈశ్వరయ్య."

"ఆ తీగ పేరు ఈశ్వరి. వేరును ఈశ్వర వేరంటారు. ఆ పేరు రాసుంటే గోతాలు నింపుకొని పోయేటోళ్ళు. ఇంక నువ్వే కలుపుకో."

అవ్వ కొంగు ముఖాన కప్పుకుంది. కొంగు వెనక నవ్వుతోందో ఏడుస్తోందో చెప్పలేను. "అయితే ఇన్నాళ్ళూ రాకపోతివే" అంది లోపల్నుంచే. "తిట్టినదాన్ని ఎట్ల వస్తా? నువ్వొస్తావని నేను చూస్తావుండా" అంది బూబమ్మ. "నువ్వొస్తావని నేను" అంది అవ్వ. షీటు దిద్దుతానని నేనంటే ఇద్దరూ ఒక్క గొంతుతో "దిద్దబాక" అన్నారు. అవ్వ బతికినన్నాళ్ళూ దిద్దలేదు. ఆమె పోయాక దిద్దడానికి చెయ్యి రాలేదు.

అవ్వ పోయి ఎన్నో ఏళ్ళయింది. ఆ తర్వాత పదేళ్ళకు బూబమ్మ. నిన్న, లెక్చరరమ్మకు జవాబు చెప్పే ముందు, ఆ పదకొండింటి బస్సు వచ్చే దారినే వెనక్కి ఉదయగిరి వెళ్ళాను. అదే వాకిట్లో బూబమ్మ మనమరాలు చెంచాలు చెక్కుతూ ఉంది. అదే పచ్చి కొయ్య వాసన. నేనెవరో చెప్పి, దొన దగ్గర ఒక తీగ ఉండేది, ఇప్పుడుందా అని అడిగాను.

"మాయన వేరా? ఉండాదమ్మా. వానలకు బాగా అల్లుకొనుండాది, సీతాకోకచిలుకలు కూడా వచ్చినాయి" అందామె, చేతిలో పని ఆపకుండా.

"ఆ పేరు నీకెవరు చెప్పారు?"

"మా నానీ. మీ అవ్వ పోయిన కాడ్నించీ ఇంకో పేరుతో పిలవనిచ్చేది గాదు. ఎవురైనా ఈశ్వరి అంటే కోప్పడేది. 'మా అక్క నోట రాని పేరు నా నోట మాత్రం ఎందుకు రావాల' అనేది. మా ఇళ్ళల్లో పిల్లకాయలకు గూడా అదే పేరు తెలుసు."

ఎప్పుడూ అవ్వ బదులు ఆ పేరు పలికిన మనిషి ఆమె. పలికించుకునే అక్క లేకపోయాక తానూ పలకడం మానేసింది. నేను అక్కడే, ఆ కొయ్యపొట్టులోనే కూర్చొని, అరవై దాటిన మనిషిని, చిన్నపిల్లలా ఏడ్చాను. ఆ అమ్మాయి పని ఆపి నాకు మంచినీళ్ళిచ్చింది. చెంబెడు తాగాను.

బస్సులోంచే లెక్చరరమ్మకు ఫోన్ చేశాను. "పేరు కరెక్టేనమ్మా, అట్లాగే ఎక్కించు" అన్నాను. నేను రాసిన రోజున అది తప్పే. ఎప్పుడు నిజమైందో నాకు తెలియదు, ఆ రోజులన్నీ నేను ఇక్కడ మార్కులు కోస్తూ కూర్చున్నాను.