రాసి వేయడం, వేసి రాయడం

ముందే ఒప్పుకుంటున్నాను, నాకు కోతలు కోసే జబ్బు ఉంది. నేను ఏది చెప్పినా మా ఆవిడ సగానికి తగ్గించి వింటుంది. తార్నాక చాయ్ హోటల్లో నా మిత్రులు పావు వంతు మాత్రమే ఉంచుకుంటారు. మీకు తోచినంత మీరూ తగ్గించుకోండి.

ఏడేళ్ల కిందట మే నెలలో, మా యూనివర్సిటీ ఇండోర్ హాలులో జరిగిన అంతర్జాతీయ చదరంగం టోర్నమెంటుకు నన్ను చీఫ్ ఆర్బిటర్‌గా వేశారు. నా ఉద్యోగం వ్యాయామ విద్యా విభాగంలో. ఆర్బిటర్ హోదా మాత్రం మోజు కొద్దీ పరీక్షలు రాసి తెచ్చుకున్నది. ఆర్బిటర్ అంటే చదరంగం బల్లల మధ్య తిరిగే పోలీసు. ఎత్తు బాగుందో లేదో అతను చెప్పకూడదు, పద్ధతిగా వేశారో లేదో చూడాలి, అంతే. ఆ ఎండకు హాల్లో నల్ల పావులు ముందు కరిగాయి, తెల్లవి ఆ తర్వాత. నిశ్శబ్దం ఎంతటిదంటే, లాలాపేట్‌లో ఎవరింట్లోనో కుక్కర్ కూత వేస్తే ఇక్కడ ముగ్గురు ఆటగాళ్లు ఉలిక్కిపడి నాకు ఫిర్యాదు చేశారు.

గ్రాండ్‌మాస్టర్ బిరుదు చదివి పాసయ్యేది కాదు. రేటింగ్ ఒక్కసారైనా రెండువేల ఐదువందలు తాకాలి. అది కాక మూడు నార్ములు కావాలి. తగినంతమంది గ్రాండ్‌మాస్టర్లు ఆడే టోర్నమెంటులో ఫలానా ఆటగాడు వాళ్లకు సమానంగా ఆడాడని ఆర్బిటర్ సంతకం చేసి పంపే పత్రమే నార్మ్. లోకంలో ఎక్కడైనా కొలత ఇదే. కొందరు మీసం రాకముందే మూడూ ముగించేస్తారు. కొందరు రెండు దగ్గర ఆగిపోయి జుట్టుకు రంగు వేసుకుంటూ ఉంటారు.

మెట్టుగూడ రైల్వే క్వార్టర్లలో ఉండే యాదగిరి ఈ రెండో రకం. నలభై మూడేళ్లు. రేటింగ్ ఎప్పుడో తాకాడు. రెండో నార్మ్ వచ్చి పదకొండేళ్లయింది. మొదటి రోజే నా దగ్గరికొచ్చి, "ఇదే ఆఖరు సార్. గీసారి తర్వాత స్పోర్ట్స్ లీవ్ బంద్ అన్నడు మా ఆఫీసర్. ఇగ నా తోని ఏమైతదో చూస్తా," అన్నాడు.

అతనికి ఒక పాత అలవాటు. ఎత్తు ముందు స్కోర్‌షీటు మీద రాసేవాడు. పెన్ను పక్కన పెట్టి, రెండు చేతులూ తొడల కింద పెట్టుకుని, బల్లను మరోసారి చూసి, అప్పుడు వేసేవాడు. ఒకప్పుడు గురువులు అలాగే నేర్పేవారు, తొందరపాటు తగ్గుతుందని. తర్వాత నియమం మారింది. ముందు వేయాలి, ఆ తర్వాతే రాయాలి.

మూడో రౌండులో అతన్ని పట్టుకున్నాను. నా గొంతు అవతలి రోడ్డు దాకా వినబడిందంటారు. "యాదగిరీ, ముందు వెయ్యి, తర్వాత రాయి. ఇంకోసారి రాసి వేస్తే అవతలివాడికి రెండు నిమిషాలు ఎక్కువ ఇస్తాను," అన్నాను. నియమంలో ఒక మినహాయింపు ఉంది, డ్రా కోరేటప్పుడు మాత్రం ముందు రాయాలి, అది కూడా వివరంగా చెప్పాను.

"ఇరవై అయిదేండ్ల అలవాటు సార్, చెయ్యి నా మాట ఇనదు. అయినా మానుకుంట," అన్నాడు. మానుకున్నాడు. ఆ రోజు నుంచి పెన్నును చేతికి వెంటనే అందనంత దూరంగా, బల్ల అవతలి అంచున పెట్టుకునేవాడు.

తొమ్మిదో రౌండు ఆఖరిది. డ్రా అయితే చాలు, యాదగిరి గ్రాండ్‌మాస్టర్. బయట చెట్ల కింద అతని ఆఫీసు మిత్రులు మూడు లారీలంత మంది దిగారు. బ్యానర్ మీద బిరుదు అప్పటికే అచ్చు వేయించారు. వాళ్ల పెద్ద నర్సింగ్ చేతిలో ఏనుగుకు సరిపోయే బంతిపూల దండ. పది నిమిషాలకోసారి తలుపు సందులోంచి, "అయిందా సార్?" అని సైగ చేసేవాడు.

ప్రత్యర్థి తూర్పు యూరప్ నుంచి వచ్చిన గ్రాండ్‌మాస్టర్. అరవై దాటాయి. బిరుదు వచ్చినప్పుడు అతని దేశానికి ఉన్న పేరు ఇప్పుడు లేదు. కాచిగూడ లాడ్జిలో దిగి, ఒక సూట్‌కేసుతో ఊరూరా టోర్నమెంట్లు ఆడుతూ తిరిగే మనిషి. గడియారంలో సమయం కూడబెట్టుకోవడానికి అతను రాజును అటూ ఇటూ జరుపుతున్నాడు. యాదగిరి ఏనుగును అటూ ఇటూ జరుపుతున్నాడు. బల్ల మీద పావులు అదే స్థితికి మూడోసారి వస్తే డ్రా కోరవచ్చు. దానికి పద్ధతి ఉంది: వేయబోయే ఎత్తును కాగితం మీద రాయాలి, పావు ముట్టకూడదు, గడియారం ఆపి ఆర్బిటర్‌ను పిలవాలి.

యాదగిరి ఏనుగును జరిపాడు. గడియారం నొక్కాడు. ఆపాడు. చెయ్యెత్తాడు.

"మూడోసారి వచ్చింది సార్. డ్రా."

"ఎత్తు వేసేశావా?"

"వేసిన."

"ముందు రాయలేదా?"

నా ముఖంలోకి చూశాడు. కోపం లేదు, నిజంగానే అర్థం కాలేదు. "రాయొద్దన్నది మీరే గద సార్."

ఎత్తు వేశాక ఆ హక్కు ప్రత్యర్థిది అవుతుంది. కోరిక చెల్లదని చెప్పాను. చెల్లని కోరిక కూడా డ్రా ప్రతిపాదన కిందే లెక్క కాబట్టి అవతలి పెద్దమనిషిని అడిగాను. బల్లను చాలాసేపు చూసి తల అడ్డంగా ఊపాడు. రాజును కొత్త గడిలోకి నడిపించాడు. రెండు గంటల తర్వాత యాదగిరి ఓడిపోయాడు. అప్పీలు చేసుకోవచ్చని చెప్పాను.

"రూల్ ప్రకారం మీరే కరెక్టున్నరు. ఏమని చేయాలె సార్?" అని స్కోర్‌షీటు మీద సంతకం పెట్టి ఇచ్చాడు.

బయట నర్సింగ్ బ్యానర్ చుట్టేశాడు. దండ మాత్రం గేటు దగ్గర కుర్చీ మీద వదిలేసి పోయారు. అది ఎవరి కోసం వచ్చిందో తెలియని నిర్వాహకుడొకాయన ముగింపు సభలో చీఫ్ ఆర్బిటర్‌కు సన్మానం అంటూ తెచ్చి నా మెడలో వేశాడు. మోకాళ్ల దాకా వచ్చింది. చప్పట్లు కూడా కొట్టారు.

సాయంత్రం తార్నాకలో ఆ విదేశీయుడికి చాయ్ ఇప్పించాను. "మా రోజుల్లో మేమూ రాసి వేసేవాళ్లమే, ఆ అలవాటు మానడానికి నాకు నాలుగేళ్లు పట్టింది, నీ ఆటగాడు ఆరు రౌండ్లలో మానేశాడు," అన్నాడు. మెచ్చుకున్నాడో తిట్టాడో, యాదగిరినో నన్నో, నాకు తెలియలేదు.

ఈ పని నాకు నేర్పింది ఒకటే. నియమాన్ని సగం తెలిసిన ఆటగాడికి, అసలు తెలియనివాడి కంటే ఎక్కువ నష్టం. స్వచ్ఛంద విరమణ తీసుకునే దాకా నేను నడిపిన ప్రతి టోర్నమెంటులో, మొదటి రౌండుకు ముందు ఆ మినహాయింపును మైకులో రెండుసార్లు చదివాను. ఆ ఆటగాళ్లలో యాదగిరి మళ్లీ కనబడలేదు.

పావులు కరగలేదు, లారీలు రాలేదు, కుక్కర్ కూత ఎవరికీ వినబడలేదు. ఇవి మీరు ఎలాగూ తగ్గించుకునే ఉంటారు. దండ నిజం. మీరు నమ్మి ఉండే కల్పన ఒక్కటే: మూడో రౌండులో మినహాయింపు కూడా వివరంగా చెప్పానని రాశాను. చెప్పలేదు. గట్టిగా హెచ్చరించి, పక్క బల్ల దగ్గరికి వెళ్లిపోయాను.