మా అమ్మ పలకని పేరు

నా పేరు కోటప్పకొండ మీద వెలసిన స్వామి పేరు. నరసరావుపేట, చిలకలూరిపేట చుట్టుపక్కల ఏ బజారులో నిలబడి ఆ పేరుతో కేకేసినా కనీసం నలుగురు వెనక్కి తిరిగి చూస్తారు. పిల్లలు లేనివాళ్లు కొండకి మొక్కుకుంటారు, పుట్టినవాడికి ఆ పేరు పెడతారు. మా తాత అలా మొక్కుకుంటే పుట్టినవాడే. నాకోసం మాత్రం ఎవరూ మొక్కుకోలేదు. పెద్దకొడుకు పెద్దకొడుక్కి తాత పేరు పెట్టడం మావైపు ఆనవాయితీ కాబట్టి, నేను పుట్టిన రోజే ఆ పేరు నాదైపోయింది. పెట్టిన పేరు ఇంట్లో ఎవరు పిలుస్తారనే సంగతి మాత్రం ఎవరూ ఆలోచించినట్టు లేదు.

మామగారి పేరు కోడలు పలకకూడదు. మొగుడి పేరు పెళ్లాం పలకకూడదు. కాబట్టి అమ్మా పిలవదు, నాయనమ్మా పిలవదు. నాన్నకి అడ్డు చెప్పేవాళ్లు లేకపోయినా, కన్నతండ్రి పేరు పెట్టి "ఒరేయ్" అనడానికి ఆయనకి నోరు రాలేదు. తాతకి తన పేరు తనే పిలుచుకోవడం సిగ్గు. ఆ ఇంట్లో నేను "అబ్బాయి"ని, "పెద్దోణ్ణి", నాన్నకి మరీ ముద్దొస్తే "ఏమయ్యా"ని. బళ్లో చేరిన రోజున మాస్టారు హాజరు పిలుస్తూ ఆ పేరు చదివితే నేను లేచి నిలబడి, "తాత పొలం పోయాడండీ" అన్నాను. మాస్టారు నవ్వలేదు. ఆయన పేరూ అదేనని తర్వాత తెలిసింది.

సాయంత్రమైతే మా బజారులో తల్లులందరూ గుమ్మాల్లోకొచ్చి పిల్లల్ని పేర్లు పెట్టి తిడుతూ పిలిచేవాళ్లు. నాకు ఆ తిట్లు తినాలని ఉండేది. మా అమ్మ గడప దగ్గర నిలబడి "అబ్బాయీ" అనేది, అంతే. ఒకసారి అలిగి, నా పేరు పిలిస్తేగానీ అన్నం తిననని కూర్చున్నాను.

"నీది దేవుడి పేరురా," అంది అమ్మ.

"ఏ దేవుడు?"

"కొండ మీద దేవుడు."

"ఆ దేవుడి పేరు చెప్పు మరి."

"శివుడు," అని ముద్ద నా నోట్లో పెట్టేసింది. ఏ దారిలో వెళ్లినా ఆమె దగ్గర ఒక సందు ఉండేది. మా బజారులో కొట్టు పెట్టుకున్నాయన పేరు కూడా అదే కావడంతో, ఆయన జీవితాంతం మా అమ్మకి "బెల్లం కొట్టాయన"గానే మిగిలాడు. తాత పోయినా, నాయనమ్మ పోయినా, ఆఖరికి నాన్న పోయినా ఆ పట్టు సడలలేదు. ఇప్పుడెవరున్నారమ్మా వినడానికి అంటే, "వినడానికేనా ఏంది మర్యాద?" అని కసిరింది.

నేను చిలకలూరిపేటలో పురుగుమందుల కొట్టు నడుపుతాను. అమ్మ మా దగ్గరే ఉంటుంది. రెండేళ్ల కిందట గుడిలో అర్చన చేయిస్తుంటే పూజారిగారు గోత్రం అడిగారు. అమ్మ చటుక్కున పుట్టింటి గోత్రం చెప్పింది. "అది మీ నాన్నవాళ్లదమ్మా," అన్నాను. "మరి నాదీ అదేగా," అంది. పూజారిగారు నవ్వారు, నేనూ నవ్వాను. పెద్దతనం అనుకున్నాను.

తర్వాత ఇంటిపేరు పోయింది. మా ఇంటిపేరు అద్దంకి వైపున్న ఒక ఊరి పేరు. ఎప్పుడో అక్కణ్ణుంచి కదిలొచ్చిన వాళ్లని ఇక్కడివాళ్లు ఆ ఊరి పేరుతో పిలిచారు, అది అంటుకుపోయింది. ఆ ఊళ్లో మాత్రం మా ఇంటిపేరువాళ్లు ఒక్కరూ లేరు. ఉన్న ఊరి పేరు ఎవరూ పెట్టుకోరు, వదిలొచ్చిన ఊరి పేరే వెంట వస్తుంది. అమ్మ పుట్టింటివాళ్లు ఒకప్పుడు కొత్తపట్నం వైపు నుంచి బళ్ల మీద ఉప్పు తెచ్చి అమ్మేవాళ్లట, వాళ్ల ఇంటిపేరులో ఆ ఉప్పుంది. ఎవరైనా "ఏ ఇంటివాళ్లమ్మా?" అని పలకరిస్తే అమ్మ ఉప్పు ఇంటిపేరు చెప్పడం మొదలుపెట్టింది. యాభై ఏళ్లు పైగా మోసిన మా ఇంటిపేరు ఆమె మీద నుంచి చడీచప్పుడు లేకుండా జారిపోయింది. నాకు మొదట కోపమొచ్చింది. ఆ తర్వాత భయమేసింది.

గుంటూరు తీసుకెళ్లాను. నరాల డాక్టరమ్మ చిన్నపిల్ల, మంచిది. నన్ను చూపించి, "ఈయన ఎవరండీ?" అని అడిగింది.

"మా పెద్దోడు."

"పేరేంటి?"

అమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుని నావైపు చూసి నవ్వింది. "పెద్దాయన పేరే," అంది.

"ఏ పెద్దాయన?"

"మా పెద్దాయన."

కొడుకు పేరు గుర్తులేదని డాక్టరమ్మ రాసుకోబోయింది. నేను అడ్డంపడి విషయమంతా చెప్పాను. ఆమె కలం ఆపి, "అంటే తెలిసే చెప్పట్లేదా, తెలియక చెప్పట్లేదా?" అని అడిగింది. నేను అమ్మవైపు చూశాను. డాక్టర్లకి అలాంటి పేరు ఒకటి అడ్డం తగలడం అదే మొదటిసారి అయ్యుంటుంది. మందులు రాసి, రోజూ ఇంట్లోవాళ్ల పేర్లు అడుగుతూ ఉండమంది, జ్ఞాపకానికి మంచిదని.

అలా రోజూ పొద్దున కాఫీ ఇస్తూ, "నా పేరేంటమ్మా?" అని అడిగేవాణ్ణి. "పోరా," అని అమ్మ మొహం తిప్పుకునేది. నాకు ప్రాణం లేచొచ్చేది. పేరు చెప్పనంటోందంటే ఆ పేరు ఎవరిదో తెలుసు, తను ఆయన కోడలని తెలుసు, నేను తన కొడుకునని తెలుసు. చిన్నప్పుడు ఏ పేరు పలకలేదని అలిగి కూర్చున్నానో, ఇప్పుడు అదే పేరు ఆమె నోట రాకూడదని దేవుడికి దణ్ణం పెట్టుకుంటున్నాను. "చెప్పదని తెలిసి ఎందుకండీ రోజూ ఆ పరీక్ష?" అని మా ఆవిడ విసుక్కునేది. చెప్పకపోవడమే పాసవడం అని ఆమెకి ఎలా చెప్పను?

పోయిన వేసవిలో పొలం నుంచి వచ్చిన మిరపకాయల్లో ఇంటికి సరిపడా వరండాలో పోసి, మా ఆవిడ, అమ్మ తొడిమలు తీస్తూ కూర్చున్నారు. ఎన్ని పోయినా ఆ పని మాత్రం అమ్మ చేతుల్లోంచి పోలేదు. గిల్లడం, ఇటు పడేయడం, మళ్లీ గిల్లడం. ఘాటుకి మా ఆవిడ దగ్గుతోంది గానీ అమ్మకి చీమ కుట్టినట్టయినా లేదు. నేను కొట్టు నుంచి భోజనానికొచ్చి చెప్పులు విడుస్తుంటే అమ్మ తలెత్తి చూసింది.

"కూర్చోండి. మా నాన్న ఇప్పుడే వస్తాడు," అంది.

మా ఆవిడ చేతులు ఆగిపోయాయి. నేను మంచం మీద కూర్చున్నాను.

"మీరు వాళ్ల తరఫునే గదా వచ్చింది?" అని మా ఊరి పేరు చెప్పి, తర్వాత మా తాత పేరు చెప్పింది. ఇంటిపేరుతో సహా, చివర గారు చేర్చి, ఒక్క అక్షరం మింగకుండా. "ఆయన పెద్దబ్బాయికి నన్ను అడుగుతున్నారంట," అని తల దించుకుని మళ్లీ తొడిమలు గిల్లింది. చెంపలు ఎర్రబడ్డాయి.

ఎంత బాగా పలికిందో. ఆ పేరు అంత శుభ్రంగా ఎవరూ పలకగా నేను వినలేదు. ఆమెకి ఇంకా పెళ్లి కాలేదు, ఆయన ఇంకా మామగారు కాలేదు, అందుకని నోటికి అడ్డేమీ లేదు. నేనింకా పుట్టలేదు. మా ఆవిడ నావైపు చూస్తోంది, ఏదో ఒకటి చెయ్యమన్నట్టు. ఏం చెయ్యను?

"మీ పేరేంటండీ?" అని అమ్మ అడిగింది.

అబద్ధం చెప్పి ఉంటే సరిపోయేది. తెలివైనవాడెవడైనా ఏదో ఒక పేరు చెప్పి లేచి భోజనానికి వెళ్లేవాడు. నాకు ఆశ. నా నోట నా పేరు వింటే ఎక్కడో ఏదో తలుపు తెరుచుకుంటుందని. ఇంటిపేరుతో సహా చెప్పాను.

అమ్మ ఒళ్లోని మిరపకాయలు కిందికి జారిపోయాయి. గబుక్కున లేచింది. మోకాళ్ల నొప్పులున్న మనిషి, అంత తొందరగా లేవడం నేను చూసి చాలాకాలమైంది. భుజాల చుట్టూ కొంగు నిండుగా కప్పుకుని, నావైపు చూడకుండా లోపలికెళ్లి తలుపు చాటున నిలబడింది. "అమ్మా, నేనమ్మా, మీ పెద్దోణ్ణి," అంటూ తలుపు దగ్గరికెళ్లాను. ఆమె ఇంకా వెనక్కి జరిగింది. గోడ తగిలింది, ఇక జరగడానికి చోటు లేదు. నేనే వెనక్కొచ్చి మంచం మీద కూర్చున్నాను.

ఆ రోజు నుంచీ అంతే. నా అలికిడి వింటే లేచి నిలబడుతుంది. నేను కాఫీ ఇస్తే పుచ్చుకోదు, ఎదురుగా కూర్చోదు, నా మొహంలోకి చూడదు. అన్నం మా ఆవిడే తినిపిస్తుంది, అదీ నేను బయటికెళ్లాక. డాక్టరమ్మకి ఫోన్ చేస్తే ఓపిక పట్టమంది. ఆ పేరు మళ్లీ ఆమె నోట రాలేదు. నేను కొట్టు నుంచి ఎండనపడి వచ్చినప్పుడు మాత్రం తలుపు వెనక నుంచి, మా ఆవిడకి మాత్రమే వినపడాలన్నట్టు మెల్లగా చెబుతుంది.

"పెద్దాయన వచ్చారు, మజ్జిగ ఇవ్వండి."