మూడు సినిమాల్లో చచ్చిన పెద్దమ్మ

పెద్దమ్మ పోయిందని అమ్మ ఫోన్ చేసి చెప్పేలోగానే మా వాడ పోరగాళ్ళు స్టేటస్ పెట్టేశారు. దయ్యం వేషంలో ఆమె ఫొటో, కింద "ఈసారి నిజంగనే పోయింది" అని ఒక ముక్క, పక్కన నవ్వు బొమ్మలు.

భువనగిరిలో మా వాడకు ఆమె మొదట దయ్యం కాదు. బాలింతల ఇళ్ళలో పసిపిల్లలకు నీళ్ళు పోసే మనిషి. మగ్గం దిగి వచ్చి, కాళ్ళు చాపుకుని కూర్చుని, బిడ్డను వాటి మీద బోర్లా పడుకోబెట్టుకుంటే ఏడుపు ఆగిపోయేది. ఆమెకు పిల్లల్లేరు. నాకూ నా చెల్లెలికీ ఆమే నీళ్ళు పోసింది. "పసిపిల్లల ఒళ్ళు మైనం బిడ్డా. నీ ముక్కు నేనే ఒత్తి ఒత్తి నిలవెట్టిన, లేకుంటే నీకు పిల్లనెవలిస్తుండె?" అని నేనెప్పుడు కనిపించినా ముక్కు పట్టుకుని లాగేది.

చిన్నప్పుడు నూలుకు పెట్టే గంజి మరుగుతుండగా మీద పడి ఆమె ఎడమ చెంప కాలింది. ఆ వైపు కన్ను కిందికి జారినట్టుండేది. పుట్టినప్పటి నుంచీ చూస్తున్న మొహం, మాకు వింతేమీ అనిపించలేదు.

తెలంగాణ వచ్చిన కొత్తలో, ఊరవతల పాడుబడ్డ దొరల గడిలో దయ్యం సినిమా తీయడానికి హైదరాబాదు నుంచి వచ్చారు. షూటింగ్ చూడబోయిన పెద్దమ్మను దర్శకుడు చూసి, "ఈమెకు మేకప్ అక్కర్లేదు" అన్నాడు. మెచ్చుకున్నాడనుకుందామె. కిటికీలోంచి తొంగిచూసే వేషం, చివర్లో బావిలో తోసేస్తారు. సినిమా బాగా ఆడింది. ఆ మొహం సెల్‌ఫోన్లలో ఇంటింటికీ చేరింది.

కొన్నాళ్ళకు ఎదురింటి కోడలు కాన్పయి వచ్చింది. నూనె గిన్నెతో వెళ్ళిన పెద్దమ్మను అత్తగారు గడపలోనే ఆపింది.

"నువ్వు రాకు. పిల్ల జడుసుకుంటది."

"నెల నిండని పిల్లకు నా సినిమా ఏమెరుక?"

"పిల్లకెరుక లేదు. తల్లికెరుకే కదా."

ఆ తర్వాత ఏ ఇంటి నుంచీ పిలుపు రాలేదు. రెండో భాగానికి అడగ్గానే ఒప్పుకుంది. అమ్మ వద్దని బతిమాలితే, "ఎట్లున్నా దయ్యమనే అంటున్రు. ఆడనైతే దయ్యానికి కుర్సీ ఏస్తరు, అన్నం పెడ్తరు" అంది. అందులో ఆమెను చెట్టుకు మేకులతో కొట్టారు. మూడో భాగంలో తగలబెట్టారు.

మూడోది చూడ్డానికి నన్ను తోడు తీసుకెళ్ళింది. కొంగు మొహం మీదికి లాక్కుని కూర్చుంది. తెర మీద ఆమెకు నిప్పంటుకోగానే హాలంతా ఈలలు, చప్పట్లు. వెనక వరుసలో ఒక పడుచుపిల్ల "కాలవెట్టుర్రి ముండను!" అని అరిచింది. పెద్దమ్మ ఆ గొంతు గుర్తుపట్టింది. బయటికొచ్చాక, "గా పిల్లకు పుట్టెంటుకలు తీసేదాక నేనే నీళ్ళు వోసిన" అంది.

నాలుగో భాగానికి ఆమెను పిలవలేదు. మొహం అచ్చు తీసుకుని, రబ్బరు తొడుగు చేయించి ఎవరో వయసు పిల్లకు తగిలించారు. "నా లెక్కనే నడుస్తదా?" అని మాత్రం అడిగింది.

దగ్గుతో దవాఖానలో పడుంటే చూడ్డానికి మా అమ్మ తప్ప ఎవరూ పోలేదు. శ్మశానానికి మాత్రం వాడంతా కదిలివచ్చింది. చివరికైనా వచ్చారు కదా అని నా గుండె కొంచెం తేలికైంది.

నేనే తలకొరివి పెట్టాను. తిరిగివచ్చేటప్పుడు వెనక్కి చూడకూడదంటారు. చూడకుండానే నడిచాను. కొంతదూరం వచ్చాక నా వెంట ఎవరి అడుగులూ వినపడక ఆగి, తిరిగాను. అందరూ అక్కడే ఉన్నారు, నాకు వీపులు పెట్టి, మంటల వైపు ఫోన్లెత్తి పట్టుకుని.