దుబాయి నల్లకు సిరిసిల్ల తోలు

నేను చెప్పే ముచ్చటను మా ఇంటోళ్లు నాలుగో వంతు చేసి నమ్ముతరు. నాలుగు పాములు చూసిన అంటే ఒక పాము అనుకుంటరు. అందుకే ఒక్క పామును చూసినప్పుడు నాలుగని చెప్పుడు మొదలు వెట్టిన, లెక్క సరిపోతదని. కాని ఈ నల్ల ముచ్చట, అంటే నీళ్ల కుళాయి ముచ్చట, మాత్రం ఉన్నదున్నట్టు చెప్తున్న. నాలుగో వంతు చెయ్యకుండ్రి.

తెలంగాణ లొల్లి జోరు మీదున్న రోజులు. బస్సులు డిపోల్లనే ఉన్నయి, బడులు బందున్నయి. నేను జగిత్యాల్ల సర్కారు ఆఫీసుల పని చేసేటోన్ని, సమ్మెల ఉన్న. పొద్దుగాల టెంటు కింద కూసుండి గొంతు పోయేదాక నినాదాలిచ్చుడు, పగటీలి అన్నం తిని పండుకునుడు. గా పండుకునుడు ఓర్వక మా అక్క కోరుట్ల నుంచి ఫోన్ చేసింది.

"తమ్మీ, బాత్‌రూంల నల్ల కారుతుంది."

"కారనియ్యి. బక్కెట పెట్టు."

"ఎన్ని బక్కెట్లు పెట్టాలె? తెల్లారేసరికి ఇంటి మీది ట్యాంకి సగమైతుంది. మున్సిపాలిటీ నీళ్లు మల్ల శనివారం గాని రావు. మీ బావ ఆదివారం దిగుతుండు!"

బావ అంటే అక్క పెనిమిటి. దుబాయిల ఉంటడు, రెండేండ్లకొకసారి వస్తడు. దుబాయి మనిషి దిగిండంటే వాడకట్టంత ఇంట్లనే ఉంటది. అందరికి చాయ్ కావాలె, కాళ్లు కడుక్కోను నీళ్లు కావాలె. ట్యాంకిల చుక్క లేకపోతే అక్క ఇజ్జత్ పోతది.

మరి గా నల్ల తీసి మామూలు ఇత్తడి నల్ల బిగించొచ్చు గదా అంటరేమో. గదే కుదరదు. గది బావ పోయినసారి దుబాయి నుంచి తువ్వాలల చుట్టి, పసిపిల్లను తెచ్చినట్టు తెచ్చిన నల్ల. బంగారం రంగు, పిడి మీద ఎర్రరాయి. ఫోన్ చేసినప్పుడల్లా పిల్లలెట్లున్నరని అడిగినంక "నల్ల ఎట్లున్నది?" అని అడుగుతడట. "మంచిగున్నది, చుక్క కారుతలేదు" అని అక్క చెప్తదట. నాలుగు నెలల సంది కారుతున్నా గదే చెప్తున్నదట.

"వాషర్ పోయింటది. అరగంట పని. నేనొస్తున్న" అన్న. గప్పటిదాక నా జిందగీల ఒక్క వాషర్ మార్చలేదు. అక్కకు గది తెలుసు. అయినా రమ్మన్నదంటే ఎంత ఆపదల ఉన్నదో అర్థం చేసుకోండ్రి.

బండి మీద కోరుట్లకు పోయిన. ట్యాంకి కాడ వాల్ బంద్ చేసి, పానాతోని నల్ల తల విప్పితే లోపల చువ్వ చివర నల్లటి వాషర్ ఉన్నది. ఒత్తుడు పడీ పడీ అప్పడమోలె పల్చగైంది. అక్క పాత హవాయి చెప్పు కోసి అట్లాంటిదే ఒకటి చేసి పెట్టిన. పొద్దుమూకే యాళ్లకు గదీ అప్పడమైంది. చెప్పులు లేని అక్క ఉత్త కాళ్లతోని నిలవడి నన్ను చూసింది.  తిట్టినా మంచిగుండు.

తెల్లారి పాత వాషర్ జేబుల ఏసుకొని బజారుకు పోయిన. బంద్ గదా, షట్టర్లన్ని కిందికి ఉన్నయి. ఒక ముసలి చాచా దుకాణం షట్టర్ మాత్రం మోకాలంత ఎత్తు లేసి ఉన్నది. వంగి లోపలికి తల పెట్టిన.

"బంద్ హై బేటా" అన్నడు చీకట్లకెళ్లి.

"నేనూ సమ్మెలనే ఉన్న చాచా. ఒక్క వాషర్."

లోపలికి పాకుకుంట పోయిన. పాత వాషర్ చూపిచ్చి, గింతదే కావాలన్న. చాచా దాన్ని వేళ్ల మధ్య తిప్పి నవ్విండు.

"గిది చూసి కొంటవా? గిది నీ లెక్కనే. కొత్తగున్నప్పుడు సన్నగుండె, ఒత్తుడు పడి వెడల్పైంది. గింత పెద్దది ఏస్తే నల్ల లోపల పట్టనే పట్టది. గిటు చూడు" అని వాషర్ మీద గుండ్రటి గీత చూపిచ్చిండు. "నీళ్లొచ్చే బొక్క అంచు ఒత్తుకున్న గుర్తు గిది. గీ గీత కంటె వడ్లగింజంత ఎక్కువ ఉంటే చాలు."

డబ్బాలన్నీ తిరగేసిండు. ఒకటి పెద్దదాయె, ఒకటి చిన్నదాయె.

"ఏ నల్ల బేటా గిది?"

"దుబాయిది."

చాచా తల కొట్టుకున్నడు. "మీ కోరుట్లోళ్లు నల్లలు తెస్తరు గని దాని వాషర్లు తేరు! ఇగ తోలు కోసుకునుడే. మంచి గట్టి తోలు గావాలె. సిరిసిల్లల సాంచెల కాడ దొరుకుతది, నాడెను, గదే అటూ ఇటూ ఉరికే దారం కండెను, కొట్టే కాడ వాడుతరు చూడు, గది."

సిరిసిల్ల అనంగనే నాకు పాణం లేసొచ్చింది. మా అత్తగారిల్లు గక్కడనే. మామకు ఎనిమిది సాంచెలు, అంటే కరెంటు మగ్గాలు. బండి తిప్పిన.

వేములవాడ ఇంకా రాలేదు, రోడ్డు మీద రాళ్లు, నడుమ పొయ్యిలు. వంటా వార్పు. పెద్ద గంజుల పప్పు ఉడుకుతుంది, రోడ్డు మీదనే బంతి కూసున్నరు. ఒక పెద్దమనిషి గంటె పట్టుకొని అడ్డమొచ్చిండు.

"ఎక్కడికే?"

"కోరుట్ల నుంచి సిరిసిల్లకు, నల్ల వాషర్ కోసమన్నా."

అందరు నవ్విండ్రు. "కోరుట్లల వాషర్లు దొరుకుతలేవా? ఏం కతలు వడుతున్నవే? నిజం చెప్పు!"

నా జిందగీల మొదటిసారి సొంత ఇష్టంతోని నిజం చెప్తే నమ్మకపాయిరి. ఇగ నాకు తెలిసిన దారే పట్టిన.

"మా అత్తకు సీరియస్ ఉన్నదే" అన్న, గొంతు పట్టినట్టు చేసి. నినాదాలతోని గొంతు ఎట్లనో పోయి ఉండె, మంచిగ పనికొచ్చింది.

వెంటనే రాళ్లు పక్కకు జరిపిండ్రు. "ఎవరింటి అల్లునివే?" అని అడిగితే మామ పేరు చెప్పిన. తప్పు గక్కడ చేసిన.

సిరిసిల్లల మామ ఇంటి ముంగట పోయేసరికి ఇరువై మంది ఉన్నరు. గంటె పట్టిన పెద్దమనిషి మామకు దోస్తట, ఫోన్ చేసిండట. చుట్టుపక్కల సాంచెలన్ని బంద్ చేసి వచ్చిండ్రు. ఇరువై కాదు, నలభై మంది ఉంటరు. సరే, పదిమంది.

అత్త గడప మీద కూసుండి చిక్కుడుకాయ గిల్లుతుంది. నన్ను చూసి లేసింది.

"రా అల్లుడా. నాకు సీరియస్ ఉన్నదట గదా, చెప్పు, ఏం రోగం? నాకు తెల్వకపాయె."

"గది... నల్ల కారుతుందత్తా."

"నాకా?"

పక్కింటామె కొంగు నోట్లె పెట్టుకొని నవ్వింది. సంగతంత చెప్పిన. ఎవ్వరు నమ్మలే. జేబులకెళ్లి పాత వాషర్ తీసి అత్త అరచేతిల పెట్టిన. ఆమె దాన్ని మందుబిళ్ల లెక్క ఎగాదిగా చూసి మామకిచ్చింది.

మామ మాట తక్కువ మనిషి. సాంచెల మోతల బతికినోనికి మాటలతోని ఏం పని? లోపలికి పోయి, పాత సాంచె కాడికెళ్లి మూడు రూపాయి బిళ్లల మందం తోలు ముక్క తెచ్చిండు. గీత కొలత చూసుకొని, పదును కత్తితోని గుండ్రంగ కోసి, అంచు రాతి మీద రుద్దిండు. నడుమ బొక్క పొడిచి, సాంచె నూనెల ముంచి నా చేతిల పెట్టిండు. ఒక్క మాటే అన్నడు.

"పోయేటప్పుడు గంటెటోనికి చెప్పు, మీ అత్త బతికిందని."

చెప్పిన. పప్పన్నం పెట్టిండ్రు, అత్త బతికిన సంతోషానికి రెండుసార్లు వడ్డించిండ్రు.

శుక్రవారం వాషర్ బిగించిన. అక్క, నేను గుడ్లు పెద్దవి చేసుకొని నల్ల మూతి కింద కూసున్నం. ఒక చుక్క తయారైంది, ఏలాడింది, పడ్డది. అక్క నన్ను చూసింది. ఇంకొకటి రాలే. చాయ్ తాగినం, రాలే. శనివారం నీళ్లొచ్చినయి, ట్యాంకి నిండింది, నిండినట్టే ఉన్నది.

ఆదివారం బావ దిగిండు. సూట్‌కేసులు వాకిట్లనే వదిలి సీదా బాత్‌రూంలకు పోయిండు. నల్ల తిప్పిండు, బంద్ చేసిండు, మూతి కింద అరచెయ్యి పెట్టి నిలవడ్డడు. పొడిగ ఉన్న చెయ్యి వాడకట్టుకంత చూపిచ్చిండు.

"రెండేండ్లాయె! చుక్క లేదు! మాల్ అంటే గిదిరా బామ్మర్దీ!"

"బావా, లోపల సిరిసిల్ల సాంచె తోలున్నది" అన్న.

"నీ కోతలు ఆపు!" అని కడుపు పట్టుకొని నవ్విండు. నేను అక్క దిక్కు చూసిన. అక్క చాయ్ గ్లాసులు లెక్క పెడుతున్నట్టు చేసింది.

పొద్దుమూకినంక సూట్‌కేసు విప్పి, తువ్వాలల చుట్టింది ఒకటి తీసి నా ఒళ్లె పెట్టిండు. "గంత మంచిగ పని చేస్తుందని మీ అక్క ఫోన్ల చెప్తనే ఉన్నది. అందుకే నీకూ ఒకటి తెచ్చిన."

జగిత్యాలకు తెచ్చిన. నా పెండ్లాం తువ్వాల విప్పింది. బంగారం రంగు, ఎర్రరాయి. మెల్లగ మూట కట్టి అటక మీద పెట్టుకుంట అడిగింది.

"గిది కారితే మా అమ్మకు ఏం రోగం పెడ్తవ్?"