మూత ఉన్న బకెట్

మా మేనత్త బజారులో ఇరవై ఆరేళ్లు చేపలు కోసి అమ్మింది. పొలుసులూ పేగులూ అందరూ బల్లల వెనక కాలువలోకి తోసేసేవారు. అత్త మాత్రం మూత ఉన్న బకెట్లో వేసి, సాయంత్రం వీధి చివర చెత్తబండి దాకా మోసుకెళ్లేది.

"ఏం వదినా, అత్తరు పట్టుకెళ్తున్నావా?" అని పక్క బల్లావిడ రోజూ ఎగతాళి చేసేది.

కొత్త పరిశుభ్రత చట్టం వచ్చాక మొదటి తనిఖీకి ఇన్‌స్పెక్టర్ వచ్చాడు. అత్త బల్ల కింద బకెట్ మూత తీసి, ముక్కు మూసుకున్నాడు.

"అమ్మే చోట వ్యర్థాలు నిల్వ ఉంచకూడదు. నీ లైసెన్సు రద్దు."

"మరి కాలువలో పారేసే వాళ్ల సంగతేంటి బాబూ?"

"వాళ్ల బల్లల దగ్గర ఏమీ లేదుగా. కాలువ మా శాఖ కిందికి రాదమ్మా."

పక్క బల్లావిడ తల దించుకుని కత్తి కడుక్కుంటూ ఉండిపోయింది.

అత్త తన బల్ల ఎప్పటిలాగే ఉప్పునీళ్లతో రుద్ది కడిగింది, కత్తులు గుడ్డలో చుట్టుకుంది. చెత్తబండి రావడానికి ఇంకా చాలా పొద్దుంది. అన్నేళ్లలో మొదటిసారి బకెట్‌ను కాలువలోకి వంచేసింది.

రెండు బల్లల అవతల నిలబడి ఇన్‌స్పెక్టర్ అదంతా చూశాడు. ఏమీ రాసుకోలేదు.