మసకక్క మళ్లీ అడిగింది

చానెల్లో వీడియోలు ఎడిట్ చేసే ఆమెను అందరూ మసకక్క అంటారు. బాధితుల ముఖాలను మసకబార్చి మసకబార్చి ఆమె కళ్లే అలిసిపోయాయి. ప్రసారానికి ముందు బాధితులకు మరోసారి ఫోన్ చేసి అడగడం ఆమె అలవాటు.

ఆ సాయంత్రం వార్తల్లో, దాడికి గురైన ఒకామె మాటలు వెయ్యాలి.

"నిన్న ఒప్పుకుందిగా అక్కా, మళ్లీ ఎందుకు?" విసుక్కున్నాడు న్యూస్ ఎడిటర్.

"నిన్న ఇంకా వణుకుతోంది నాయనా. ఏమడిగినా ఊ అనేది."

మసకక్క ఆ బాధితురాలికి ఫోన్ చేసి మళ్లీ అడిగింది. "ముఖం దాచినా వెనక మా పచ్చ తలుపు కనిపిస్తుందండీ. వీధిలో అందరికీ తెలిసిపోతుంది. వద్దండీ," అంది బాధితురాలు.

మసకక్క వీడియో మొత్తం చెరిపేసింది.

"ఇప్పుడు దాని బదులు నీ మొహం వెయ్యనా?" అన్నాడు న్యూస్ ఎడిటర్.

"వెయ్యి. నన్నెవరూ గుర్తుపట్టరు," అని ఆమె కళ్లద్దాలు తుడుచుకుని తర్వాతి వీడియో తెరిచింది.